బొమ్మలకు మాటలు రాసినవాడు

పిల్లలూ! మీరంతా టీవీలో బొమ్మల సినిమాలు చూస్తారు గదా? పిల్లి ఎలుకను తరుముతుంది. ఎలుక చటుక్కున కన్నంలోకి దూరుతుంది. పిల్లి వెళ్ళి గోడకు కొట్టుకుని అప్పడంలా అయిపోతుంది. మీరు పకపకా నవ్వుతారు. పక్కన కూర్చున్న మీ తాతయ్య కూడా నవ్వుతాడు, కాని ఆ సంగతి ఒప్పుకోడు.

ఆ బొమ్మలు ఎవరు చేశారంటే, ఎవరో చిత్రకారులు గీశారని మీరు చెప్పగలరు. వెనక వాయిద్యాలు ఎవరు వాయించారంటే, అదీ వూహించగలరు. కాని ఆ పిల్లి గోడకే కొట్టుకోవాలని ముందుగా అనుకున్నది ఎవరు? ఈ ప్రశ్న నేను మా వీధి పిల్లలను అడిగాను. అందరూ మొహమొహాలు చూసుకున్నారు. చివరకు ఒక చిన్నవాడు, "ఎవరూ అనుకోలేదండీ, పిల్లే చూసుకోకుండా వెళ్ళి కొట్టుకుంది," అన్నాడు.

కథ రాసినవాడికి ఇంతకన్న పెద్ద మెప్పు వుండబోదు. అయినా నిజం చెప్పాలి గదా! బొమ్మ తనంతట తాను చూసుకోకుండా వుండలేదు. చూసుకోకుండా నడవాలని కూడా ఎవరో ఒకరు కాగితం మీద రాయాలి. మామూలు సినిమాలో నటుడికి తుమ్ము వస్తే, రచయిత రాయకపోయినా అది ఫిల్ములో పడిపోవచ్చు. వెనకాల చెట్టు మీద కాకి అరవవచ్చు. బొమ్మల సినిమాలో అలా కుదరదు. బొమ్మ తుమ్మదు, ఎవరైనా తుమ్మించాలి. ఆకు కదలాలన్నా, కాకి అరవాలన్నా, ముందు ఒకరు అనుకోవాలి, తరవాత ఇంకొకరు చేయాలి. అందుచేత ఈ పని నాటకం రాయటంకన్న ఒక విధంగా కష్టమైనదని నా అభిప్రాయం.

ఇలాంటి పనిలో తన ఆయువులో మంచి భాగం గడిపిన ఒక మనిషిని గురించి మీకు చెప్పాలని చాలా రోజులుగా అనుకుంటున్నాను. ఆయన మన దేశంవాడు కాడు, ఇంగ్లండువాడు. పేరు ఆలివర్ పోస్ట్‌గేట్. 1925లో లండనులో పుట్టాడు. ఆయన తాత, అంటే తల్లికి తండ్రి, జార్జి లాన్స్‌బరీ అనే పెద్ద రాజకీయ నాయకుడు. అక్కడి లేబరు పార్టీకి నాయకత్వం వహించినవాడు, యుద్ధాలంటే గిట్టనివాడు. మనవడికీ ఆ గుణమే వచ్చింది. రెండవ ప్రపంచ యుద్ధంలో సైన్యంలో చేరమన్నప్పుడు, మనుషులను చంపటం తన మనస్సుకు సమ్మతం కాదని చెప్పి, అందుకు జైలుకు కూడా వెళ్ళాడు. తరవాత పొలాలలో పని చేశాడు. నాటకకళ చదువుకున్నాడు. ఏవేవో పనులు చేసి, ముప్పై యేళ్ళు దాటాక 1957లో ఒక టెలివిజన్ కంపెనీలో స్టేజి మేనేజరుగా కుదిరాడు.

ఆయనను పిల్లల కార్యక్రమాల విభాగంలో వేశారు. అక్కడ తయారవుతున్నవి చూస్తూవుంటే ఆయనకు, "ఇంత డబ్బుతో ఇంతకన్న బాగా చేయవచ్చునే!" అనిపించింది. మనలో చాలామందికి ఇలా అనిపిస్తుంది. అనిపించిన తరవాత ఇంటికి పోయి అన్నం తిని పడుకుంటాం. పోస్ట్‌గేట్ ఇంటికి పోయి కథ రాశాడు. రాజు కావటానికి పుట్టిన ఒక ఎలుక కథ అది. పేరు "అలెగ్జాండర్ ద మౌస్".

కథ రాస్తే చాలదు, బొమ్మలు కావాలి. లండనులో ఒక చిత్రకళాశాలలో పాఠాలు చెప్పే పీటర్ ఫర్మిన్ అనే చిత్రకారుణ్ణి ఒప్పించి బొమ్మలు గీయించాడు. ఈ ఎలుకలు కదిలే విధానం తమాషా అయినది. ఆ రోజుల్లో చాలా కార్యక్రమాలు ఫిల్ము మీద తీయకుండా, జరుగుతూవుండగానే ఇళ్ళకు ప్రసారం చేసేవారు. అట్ట ఎలుకలు దృశ్యం మీద అయస్కాంతాలతో నడిచేవి. సుమారు 26 కార్యక్రమాలు ఇలాగే నడిపారట. అయస్కాంతం మాట వినకపోతే దేశమంతా చూస్తూవుంటుంది గదా! అయస్కాంతం ముక్కలతో ఆడుకున్నవారికి అది ఎంత తిక్కదో తెలుసు.

ఈ బాధ పడలేక పోస్ట్‌గేట్ తరవాతి కథను ఫిల్ము మీదనే తీస్తానన్నాడు. సరే, ఒక్కొక్క కార్యక్రమానికి 175 పౌన్లు ఇస్తామన్నారు. దానితో ఆయన తన పడకగదిలోనే ఒక బల్ల అమర్చుకుని, దాని మీద బొమ్మలను జరుపుతూ ఫిల్ము తీశాడు. అది చెవిటి పిల్లల కోసం రాసిన చైనా కథ. చైనా పద్ధతిలో చిత్రాలు వేసే ఒకాయనను పిలిచి బొమ్మలు వేయించాడు. ఆయన అందంగానే వేశాడు, కాని పక్కనుంచి సగం తిరిగినట్టుగా వేశాడు. అట్టముక్కలను బల్లమీద పరిచి నడిపించాలంటే బొమ్మ పూర్తిగా పక్కకు తిరిగివుండాలి. ఫలితం ఏమిటంటే, కథలోని మనుషులందరూ ఒక కాలు పొట్టి అయినట్టు కుంటుతూ నడిచారు!

మన తోలుబొమ్మలను చూసినవారికి ఇది వెంటనే బోధపడుతుంది. కేతిగాడు, బంగారక్క తెరమీద పక్కకు తిరిగే వుంటారు. చేతుల దగ్గర, మోకాళ్ళ దగ్గర కీళ్ళకు దారాలు కట్టివుంటాయి. కేతిగాణ్ణి మన వైపు తిప్పి నడిపించండి చూద్దాం! మన బొమ్మలాటవారు ఎన్నో తరాలుగా ఎరిగిన సంగతి పోస్ట్‌గేట్ తన పడకగదిలో ఒంటరిగా కనుక్కున్నాడు.

అక్కణ్ణుంచి ఆయన, ఫర్మిన్ కలిసి "స్మాల్‌ఫిల్మ్స్" అని ఒక కంపెనీ పెట్టుకున్నారు. చిన్న సినిమాలు అన్నమాట. కంపెనీ అనగానే మేడలు, మోటారు కార్లు వూహించుకోకండి. కాంటర్బరీ అనే వూరికి దగ్గరలో ఫర్మిన్‌కు ఒక ఇల్లు వుండేది. ఆ ఆవరణలో పాడుపడిన పశువులకొట్టమే వారి స్టూడియో. బొమ్మలు చేయటం ఫర్మిన్ పని. కథ ఆలోచించటం, రాయటం, బొమ్మలను కదిలించటం, కెమేరా తిప్పటం, కథ చెప్పే గొంతు, పాత్రల గొంతులు చాలావరకు — ఇదంతా పోస్ట్‌గేట్ పని.

ఇప్పుడు కాస్త లెక్క చేద్దాం. భయపడకండి, చిన్నదే. టెలివిజన్‌లో సెకనుకు 25 బొమ్మలు కంటి ముందు పోతాయని పెట్టుకుందాం. పది నిమిషాల కథకు ఎన్ని బొమ్మలు? పది నిమిషాలంటే 600 సెకన్లు. 600ను 25తో హెచ్చవేస్తే 15,000. అంటే బొమ్మను వెంట్రుకవాసి జరిపి కెమేరాను "టిక్" అనిపించాలి, మళ్ళీ జరిపి మళ్ళీ "టిక్" అనిపించాలి. ఒక్కొక్క భంగిమను రెండేసి సార్లు తీసినా 7,500 సార్లు జరపక తప్పదు. మామూలు స్టూడియోలో ఒక రోజంతా పని చేస్తే దాదాపు 12 సెకన్ల ఫిల్ము తయారయ్యే రోజులవి. పోస్ట్‌గేట్ రోజుకు రెండు నిమిషాల ఫిల్ము తీసేవాడు! పది నిమిషాల కథ వారికి 50 రోజులు పడితే ఈయనకు 5 రోజులు.

ఇది ఎలా సాధ్యమయింది? ఆయన చేతులు యంత్రాలు కావు. రాసేవాడూ జరిపేవాడూ ఒకడే కావటమే రహస్యం. రేపు పొద్దున ఈ బొమ్మను కదిలించవలసింది తానేనని తెలిసినవాడు, కాగితం మీద "వెయ్యిమంది సైనికులు గుర్రాలమీద దూసుకువచ్చారు" అని రాస్తాడా? రాయడు. "కొండ అవతల గుర్రాల చప్పుడు వినిపించింది" అని రాస్తాడు. బొమ్మ కదలకుండా నిలబడి ఆలోచిస్తూవుంటుంది. కథ చెప్పే గొంతు మెల్లగా కథను ముందుకు నడుపుతుంది. ఆ గొంతు కూడా తనదే. ఈనాడు కంప్యూటరు మీద లక్షమంది సైనికులను తెప్పించవచ్చు. తెప్పిస్తున్నారు కూడా. కాని కొండ అవతల చప్పుడు విన్నప్పుడు కలిగే గగుర్పాటు, ఆ లక్షమందినీ చూసినప్పుడు నాకు కలగలేదు. ఇది వయసు వల్ల వచ్చిన చాదస్తమేమో, మీరే చూసి చెప్పండి.

1959లో వచ్చిన "ఐవర్ ద ఇంజన్" అలాంటి కథే. వేల్స్ దేశంలో కొండల నడుమ ఒక చిన్న రైలు ఇంజను వుంటుంది. దానికి ఒక కోరిక. ఏమిటనుకున్నారు? వూళ్ళో బృందగానం చేసేవాళ్ళతో కలిసి పాడాలని! ఇంజను డ్రైవరు జోన్స్ దాని బాధ తెలుసుకుంటాడు. తిరునాళ్ళలో వాయించే పాత ఆవిరివాద్యం గొట్టాలు తెచ్చి కూతవేసే చోట బిగిస్తారు. ఇంజను పాడుతుంది. రైలు ఇంజనులో బొగ్గు వేసే పని చేసిన ఒకాయన, తెల్లవారుజామున ఆవిరి పట్టించేటప్పుడు ఇంజనుకు ప్రాణం వస్తున్నట్టు వుంటుందని పోస్ట్‌గేట్‌తో చెప్పాడట. కథకు బీజం అదే. ఇక ఆ ఇంజను చేసే "ఛుఫ్ ఛుఫ్" చప్పుడు సంగతి: అది కూడా పోస్ట్‌గేట్ నోటితో చేసినదే! మీరు వరసగా నిలబడి రైలాట ఆడుకునేటప్పుడు చేస్తారే, అలాగే.

అదే సంవత్సరం "నాగిన్ ద నాగ్" అనే కథ బి.బి.సి.లో వచ్చింది. బ్రిటిషు మ్యూజియంలో పాతకాలపు చదరంగం పావులు వున్నాయి. స్కాట్లండు దగ్గర లూయిస్ అనే ద్వీపంలో 1831లో దొరికాయి. వాల్రస్ అనే సముద్రజంతువు దంతంతో చెక్కినవి. వాటిని చూసి ఫర్మిన్‌కు ఒక రాజ్యమే తోచింది. గుడ్లు మిటకరించి చూసే ఆ రాజులు, రాణులు మంచివాళ్ళుగా కనబడ్డారు ఆయనకు. ఆ రాజ్యానికి కథలు పోస్ట్‌గేట్ రాశాడు.

1965లో ఒక చిక్కు వచ్చింది. "పోగుల్స్" అనే కథలో ఆయన ఒక మంత్రగత్తెను పెట్టాడు. అది నిజంగానే భయంకరంగా వుంది. బి.బి.సి.వారు చిన్నపిల్లలు దడుచుకుంటారన్నారు. మంత్రగత్తె లేకుండా రాస్తే ఇంకా కథలు కావాలన్నారు. పోస్ట్‌గేట్ అలాగే రాశాడు, ఆ కథలూ బాగానే నడిచాయి.

ఇందులో ఎవరిది సబబు? తల్లిదండ్రులు కూడా దీన్ని గురించి ఆలోచించాలి. మన విక్రమార్కుడు అర్ధరాత్రి శ్మశానంలో భుజాన శవం వేసుకుని నడుస్తాడు. ఆ కథ విని దడుచుకున్నవాణ్ణి నేను చూశాను గాని, రెండో కథ వద్దన్నవాణ్ణి చూడలేదు. ముప్పై యేళ్ళకు పైగా పిల్లల మధ్య వుండి నేను తెలుసుకున్నదేమంటే, పిల్లలకు కథలో భయం కావాలి, కాని అది చెప్పేవారి ఒళ్ళో కూర్చుని పడే భయం అయివుండాలి. అమ్మమ్మ రాక్షసుణ్ణి తెచ్చినా ఆమె చెయ్యి వీపు మీద వుంటుంది. పిల్లవాడు మరీ బిగుసుకుపోతే, "వాడు చచ్చిపోయాడులే," అని తొందరగా చంపేస్తుంది కూడా. టెలివిజన్ పెట్టెకు చెయ్యి లేదు. గదిలో ఒంటరిగా కూర్చున్న నాలుగేళ్ళ పిల్లవాడి మొహం దానికి కనబడదు. అందుచేత ఈ తగవులో నా మనస్సు రచయిత వైపు వున్నా, తీర్పు మాత్రం బి.బి.సి. వైపే చెబుతాను. పిల్లవాడి పక్కన పెద్దవారు ఎవరైనా కూర్చునే ఇల్లయితే తీర్పు తిరగబడుతుంది.

ఇక నాకు అన్నిటికన్న ఇష్టమైన సంగతికి వస్తాను. 1969 జూలైలో మనిషి చంద్రుడి మీద కాలు పెట్టాడు గదా? అదే సంవత్సరం నవంబరు 16న బి.బి.సి.లో "క్లాంగర్స్" అనే కథలు మొదలయ్యాయి. ఎక్కడో ఆకాశంలో ఒక చిన్న గోళం. అక్కడ గుంటల్లో గులాబిరంగు జీవులు కాపరం వుంటాయి. చూడటానికి మూతి పొడుగాటి ఎలుకల్లాగా వుంటాయి. వాటిని ఫర్మిన్ భార్య వూలుతో అల్లింది. గుంటలమీద ఇనప మూతలు వుంటాయి; అవి "క్లాంగ్" మని మూసుకుంటాయి గనకనే ఆ పేరు. అక్కడ సూపు కాచి పోసే ఒక డ్రాగన్ వుంటుంది. ఇనపముక్కలతో చేసిన కోడి వుంటుంది. సంగీతం కాసే చెట్లు వుంటాయి.

చిత్రం ఏమిటంటే, క్లాంగర్లు మాట్లాడవు, ఈల వేస్తాయి. గొట్టంలో పుల్లను లోపలికీ బయటికీ జరిపితే స్వరం పైకీ కిందికీ జారే ఈల వుంటుంది చూశారా, ఆ ఈలతోనే వాటి సంభాషణ అంతా. అయితే రచయితకు పని తప్పినట్టే గదా అనుకుంటున్నారా? అక్కడే వుంది! పోస్ట్‌గేట్ ప్రతి క్లాంగరు ప్రతి మాటనూ ఇంగ్లీషులో పూర్తిగా రాశాడు. ఆ మాటలను ఎదురుగా పెట్టుకుని, ఏ మాట ఏ రాగంలో పలుకుతామో ఆ రాగంలోనే ఈల వూదించాడు, తానూ వూదాడు.

ఒక కథలో పెద్ద క్లాంగరుకు ఒక తలుపు తెరుచుకోక కోపం వస్తుంది. కోపంలో పెద్దవాళ్ళు అనే మాటే స్క్రిప్టులో రాశాడు. బి.బి.సి.వారు ఆ మాట పనికిరాదన్నారు. వినబడేది ఈలే గదా అంటే, అయినా జనానికి తెలిసిపోతుందన్నారట! నన్నడిగితే, స్క్రిప్టు ఎంత బాగా వున్నదో చెప్పటానికి ఇంతకన్న సాక్ష్యం అక్కరలేదు. ఇంకా తమాషా అయిన సంగతి మరొకటి వుంది. 1984లో జర్మనీలో టెలివిజన్‌వారి సభ ఒకటి జరిగింది. అక్కడ పోస్ట్‌గేట్ ఒక క్లాంగర్ల కథను, తన వ్యాఖ్యానం తీసివేసి, వట్టి ఈలలతో చూపించాడు. మీకు అర్థమయిందా అని అడిగితే, కొందరు అర్థం కాకేం, అవి చక్కని జర్మను భాష మాట్లాడుతున్నాయి గదా అన్నారట. ఇంకొకాయన అది తప్పనీ, అవి మాట్లాడింది స్వీడిషు అనీ వాదించాడట. ఈ ముచ్చట పోస్ట్‌గేట్ స్వయంగా చెప్పుకున్నాడు.

మీకు నమ్మకం కలగలేదా? మన ఇళ్ళలో కథకు "ఊఁ" కొట్టే అలవాటు వున్నది. "ఊఁ" లో అర్థం ఏమీ లేదు. అయినా చీకట్లో కథ చెప్పే నాయనమ్మకు ఆ "ఊఁ" వింటే అంతా తెలిసిపోతుంది. "ఊఁ" అని గట్టిగా అంటే సరే, చెప్పు అని. "ఊఁ?" అని పైకి లేపితే, అదెలా కుదిరిందీ అని. "ఊఁ…" అని దిగజారితే ఇంకో నిమిషంలో గుర్రు వస్తుందని. నేను మూడో తరగతి పిల్లలతో ఒక ఆట ఆడించేవాణ్ణి. ఒక పిల్లవాడికి చీటీ మీద ఒక వాక్యం రాసి ఇస్తాను: "నా పలక ఎవరు తీశారు?" వాడు నోరు మూసుకుని రాగం మాత్రమే తీయాలి. మిగతావాళ్ళు వాక్యం కనుక్కోవాలి. మొత్తం వాక్యం దొరకదు గాని, అది ప్రశ్న అనీ, అడిగేవాడికి కోపం వచ్చిందనీ క్షణంలో చెప్పేసేవారు. కాని ఒక షరతు: చీటీలో వాక్యం వుండి తీరాలి. ఖాళీ చీటీ ఇచ్చి, "ఏదో ఒక రాగం తియ్యరా," అంటే ఒక్కరూ ఏమీ కనుక్కోలేకపోయేవారు. పోస్ట్‌గేట్ ప్రతి ఈలకూ మాట ఎందుకు రాశాడో ఆ ఖాళీ చీటీలే నాకు చెప్పాయి.

పోయిన వేసవిలో నా పూర్వవిద్యార్థి ఒకడు మా ఇంటికి వచ్చాడు. ఎరువుల కొట్టు నడుపుకుంటున్నాడు. తొమ్మిదో తరగతి చదివే కూతుర్ని వెంటపెట్టుకొచ్చాడు.

"మాస్టారూ, ఇది బొమ్మల సినిమాలకు కథలు రాస్తానంటున్నది. మీరు చెబితే వింటుంది, కాస్త మందలించండి. అది కూడుపెట్టే పనేనా?" అన్నాడు.

"నువ్వే రాస్తావుటే, తల్లీ?" అని అడిగాను.

"రాస్తున్నానండీ, తాతగారూ. రెండు నోటుపుస్తకాలు అయిపోయాయి," అన్నది ఆ పిల్ల, తండ్రి వైపు చూడకుండా.

రెండు నోటుపుస్తకాలు నింపినదాన్ని మందలించటం నా వల్ల కాదు. అలాగని తండ్రి అడిగినదాంట్లో తప్పు ఏముంది? అందుకని ఇద్దరికీ పోస్ట్‌గేట్ కథే చెప్పాను, బాగున్నది, బాగులేనిది కూడా. ఆ పని ఆయనకు ముప్పై యేళ్ళపాటు కూడు పెట్టింది. పరమాన్నం రోజూ పెట్టలేదు. "క్లాంగర్స్" మొత్తం 1972 వరకు 26 కథలు. "బాగ్‌పస్" 13 కథలే. "ఐవర్" కథలను 1975 నుంచి 1977 వరకు రంగులలో మళ్ళీ తీశారు, అవి 40. ఇలా ఒకటి అయిపోగానే ఇంకొకటి కొత్తగా ఆలోచించాలి, ఎవరైనా కావాలనాలి. 1980లు గడిచేసరికి కావాలనేవారు లేకపోయారు. ఆయన రాయటం మానలేదు, టెలివిజనే ఆయనను అడగటం మానింది. మంచి కథ చేతిలో వుండగా అడిగేవారు లేకపోవటం ఎంత బాధో ఆ అమ్మాయికి ముందే తెలియటం మంచిదని చెప్పాను.

ఈనాటి పద్ధతి వేరు. పశువులకొట్టంలో ఇద్దరు కూర్చుని చేసే పని కాదు ఇది. ఒక్కొక్క కార్యక్రమానికి అనేకమంది రచయితలు వుంటారు. పాత్రల గుణాలు, వాళ్ళు చేసేవి, ఎన్నడూ చేయనివి అన్నీ ముందే ఒక పుస్తకంగా రాసివుంటాయి. రచయిత మొదట కథను నాలుగు వాక్యాలలో చెప్పాలి. పది చెబితే ఒకటి నిలిస్తే అదృష్టమే. నిలిచినదాన్ని రెండు మూడు పుటలకు పెంచాలి. అది బాగున్నదంటే స్క్రిప్టు రాయాలి. చాలావరకు ఒక్కొక్క కథ 11 నిమిషాలో, 22 నిమిషాలో వుంటుంది. ఆపైన చిత్రకారులు కథంతా గళ్ళలో బొమ్మలుగా వేసుకుంటారు. దాన్నే స్టోరీబోర్డు అంటారు. గొంతులు తరచుగా ముందే రికార్డు చేస్తారు. పెదవులు ఆ మాటలకు తగినట్టు తరవాత కదులుతాయి. ప్రతి మెట్టు దగ్గరా ఎవరో ఒకరు, "ఇది మార్చండి," అంటారు. అభిమానం ఎక్కువ వున్నవాడు ఈ పనిలో నెగ్గుకురాలేడు. అభిమానం బొత్తిగా లేనివాడు మంచి కథ రాయలేడు. ఇదీ తంటా.

"ఇవన్నీ ఎక్కడో దూరదేశాల సంగతులు గదండీ," అన్నాడు తండ్రి. దూరం కాదు. 2008లో మొదలై మన దేశంలో పిల్లలందరికీ తెలిసిపోయిన "ఛోటా భీమ్" హైదరాబాదులోనే పుట్టింది. రాజీవ్ చిలక అనే ఆయన గ్రీన్ గోల్డ్ అనే సంస్థ పెట్టి తయారుచేశాడు. లడ్డు తిని బలం తెచ్చుకునే ఆ కుర్రవాడికి వారం వారం ఒక చిక్కు తెచ్చిపెట్టేవాడు ఒకడు కావాలి గదా! ఆ అమ్మాయి మొహం వెలిగింది. తండ్రి మొహం అంతగా వెలగలేదు. డిగ్రీ మానకుండా చదవాలనీ, ఈలోగా రాసుకుంటూ వుండవచ్చుననీ ఇద్దరూ ఒప్పుకున్నారు. అది చాలు ప్రస్తుతానికి.

"బాగ్‌పస్" సంగతి పైన అనేసి వూరుకున్నాను. అది చెప్పకపోతే మీరు నన్ను వదలరు. 1974లో వచ్చింది. బాగ్‌పస్ ఒక గుడ్డపిల్లి. నారింజరంగు చారలు రావాలని గుడ్డకు రంగు వేయిస్తే, పొరపాటున గులాబిరంగు వచ్చింది. అదే బాగున్నదని వుంచేశారు. ఎమిలీ అనే పాపకు ఒక దుకాణం వుంటుంది. ఫర్మిన్ కూతురు ఎమిలీయే ఆ పాప. ఆ దుకాణంలో ఏదీ అమ్మరు! ఎవరో పారేసుకున్న, విరిగిపోయిన వస్తువును ఎమిలీ తెచ్చి పిల్లి ముందు పెడుతుంది. పిల్లి నిద్ర లేస్తుంది. అది లేస్తే దుకాణంలో వున్న బొమ్మలన్నీ లేస్తాయి. గుడ్డబొమ్మ, కప్ప, ఎలుకలు, ఇంకా యాఫిల్ అనే కొయ్య వడ్రంగిపిట్ట. ఈ పిట్ట పెద్ద పండితుడు. ఏది చెప్పినా ముందు, "అది అసంభవం," అనే రకం. బెర్ట్రాండ్ రస్సెల్ అనే తత్వవేత్త ధోరణి కొంత ఆ పిట్టకు పెట్టారు. అందరూ కలిసి, ఇది ఏమిటి, ఎవరిది, ఎలా విరిగింది అని వాదించుకుంటారు, కథ చెప్పుకుంటారు, పాట పాడతారు, దాన్ని బాగుచేస్తారు. బాగుచేసిన వస్తువును కిటికీలో పెడతారు. పోగొట్టుకున్నవారు ఆ దారిన పోతూ చూసి తీసుకుపోవచ్చు. పిల్లి ఆవులించి పడుకుంటుంది. అది పడుకుంటే అందరూ పడుకుంటారు. అంతే కథ. 13 వారాల పాటు వచ్చిన ఈ పిల్లిని, పాతికేళ్ళ తరవాత 1999లో బి.బి.సి. వోట్లు అడిగితే, తమకు అన్నిటికన్న ఇష్టమైన పిల్లల కార్యక్రమంగా జనం ఎన్నుకున్నారు.

పోస్ట్‌గేట్ 2008లోనూ, ఫర్మిన్ 2018లోనూ పోయారు. నడుమ 2015లో క్లాంగర్లు కొత్తగా టెలివిజన్‌లోకి తిరిగివచ్చాయి; ఈసారి కథలు రాసినవారిలో పోస్ట్‌గేట్ కొడుకు డేనియల్ కూడా వున్నాడు.

ఎరువుల కొట్టు అమ్మాయికి నేను బాగ్‌పస్ పద్ధతిలోనే పని ఇచ్చాను. ప్రతి ఆదివారం విరిగిన వస్తువు ఒకటి తీసుకురావాలి. అది ఎవరిదో, ఎలా విరిగిందో నాలుగు వాక్యాలలో చెప్పాలి. మొదటి వారం గొడుగు పుల్ల తెచ్చింది. కథలో ఒక మాంత్రికుడు వచ్చి అంతా సరిచేశాడు. తిప్పి పంపాను. రెండో వారం పగిలిన అద్దం, మూడో వారం తాళం లేని తాళంచెవి. వాటినీ తిప్పి పంపాను. తాళంచెవి కథలో రెండో వాక్యం మాత్రం బాగున్నది, వుంచుకోమన్నాను. పోయిన ఆదివారం ములుకు వూడిన బొంగరం ఒకటి తెచ్చి నా బల్ల మీద పెట్టింది. అది తన తండ్రి చిన్నప్పటిదట. ఎరువుల కొట్టు అటక మీద దొరికిందట. ములుకు ఎలా వూడిందని తండ్రిని అడిగితే ఆయన చెప్పటం లేదట. మూడు వాక్యాలు రాసింది, నాలుగోది ఇంకా రాయలేదు.